చెప్పి పెట్టిన తీపి

ఆగమన కాలం మూడవ ఆదివారం దాటిందంటే మన ఇళ్ళల్లో వాసనలు మారిపోతాయి. ఒక ఇంట అరిసెల పాకం, పక్కింట గులాబీ పువ్వులు వేగుతున్న నూనె, ఆ పక్క ఇంట కేకు కోసం నానబెట్టిన కిస్‌మిస్. విచారణ గురువుగా ఇల్లిల్లూ తిరిగేవాణ్ణి కనుక, ఏ ఇంట ఏం తయారవుతోందో గుమ్మంలోనే చెప్పగలను. ఆ విద్య గురువిద్యాలయంలో నేర్పలేదు.

కొన్నేళ్ళ క్రితం నేను ఒక రైల్వే పట్టణంలో విచారణ గురువుగా ఉన్నప్పుడు, సరిగ్గా ఈ రోజుల్లోనే, ఆదివారం పూజ అయ్యాక ఒక తల్లి నన్ను గుడి పక్క వాకిట్లో ఆపింది. చుట్టూ ఎవరూ లేరని చూసుకుని, గొంతు తగ్గించి అడిగింది. "ఫాదర్ గారూ, మా ఆడపడుచు సికింద్రాబాద్ నుంచి వచ్చి రమ్ము కలిపే స్వీట్లు నేర్పిందండి. చేస్తే పాపమా అండి?"

నా చేతిలో తాళాలున్నాయి, రెండో పూజకు పక్క ఊరు వెళ్ళాలి, పీఠబాలుడు స్కూటరు దగ్గర నిలబడి ఉన్నాడు. "పాపం కాదమ్మా, చేసుకో. నాకూ రెండు పంపించు" అన్నాను. ఆమె ముఖం విప్పారింది. నాకూ సంతోషమే వేసింది. ఎవరైనా మనసులో బరువు పెట్టుకుని వచ్చినప్పుడు ఆ బరువు ఒక్క మాటతో దించగలగడం గురువుకు దొరికే చిన్న సుఖాలలో ఒకటి.

ఆ జవాబు తప్పని ఈనాటికీ అనను. కానీ అది సగం జవాబు. మిగతా సగం నాకు ఎలా తెలిసిందో ఈ వారం మీతో పంచుకోవాలని ఉంది.

ముందుగా ఆ తీపి ఏమిటో తెలియనివారికి చెప్పాలి. దీనికి పొయ్యి వెలిగించే పని లేదు. మారీ బిస్కెట్లు మెత్తగా పొడి చేస్తారు, లేదా మిగిలిపోయి ఎండిన కేకు ముక్కల్ని నలుపుతారు. అందులో రెండు మూడు చెంచాల కోకో పొడి, సన్నగా తరిగిన జీడిపప్పు లేదా అక్రోటు పలుకులు, ముద్ద కట్టడానికి సరిపడా డబ్బాలో వచ్చే చిక్కటి తీపి పాలు. చివరికి నాలుగు పెద్ద చెంచాల రమ్ము, అంటే 60 మిల్లీలీటర్లు. బాగా కలిపి, అరచేతికి కాస్త వెన్న రాసుకుని, సున్నుండల్లా చుట్టి, ఎండు కొబ్బరి పొడిలోనో కోకోలోనో పొర్లించి, మూత ఉన్న డబ్బాలో పెడతారు. చేసిన రోజున తింటే రమ్ము ఘాటు ముక్కుకు తగులుతుంది. రెండో రోజుకి ఆ ఘాటు కోకోలో, కొబ్బరిలో కలిసిపోయి, తినేవాడికి "ఇదేదో బాగుందే" అనిపిస్తుంది తప్ప ఏముందో వెంటనే తట్టదు. మంచి చెయ్యి పడితే అంతే. చేతినేర్పు పెరిగేకొద్దీ లోపలున్నది కనిపించకుండా పోతుంది. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, మళ్ళీ దీని దగ్గరికే వస్తాను.

ఇవి మన ఊళ్ళలో పుట్టినవి కావు. డెన్మార్క్ బేకరీలలో ఈనాటికీ రోజు చివర మిగిలిన కేకులను పారేయకుండా ఇలాగే చుట్టి అమ్ముతారు. అమెరికాలోని కెంటకీ రాష్ట్రంలో రమ్ముకు బదులు అక్కడి బర్బన్ విస్కీ పోస్తారు. ఫ్రాంక్‌ఫర్ట్ అనే పట్టణంలో రూత్ హ్యాన్లీ బూ అనే ఆవిడ 1930లలో ఆ తీపికి పేరు తెచ్చింది. అంతకుముందు ఆమె బడిపంతులమ్మ. 1919లో ఒక స్నేహితురాలితో కలిసి మిఠాయి వ్యాపారం మొదలుపెట్టింది. అదే రాష్ట్రంలో గెత్సెమనీ అనే ట్రాపిస్టు మఠం ఉంది. ధ్యానజీవితం గురించి పుస్తకాలు వ్రాసిన థామస్ మెర్టన్ 1941లో చేరిన మఠం అదే. అక్కడి సన్యాసులు బర్బన్ కలిపిన ఫడ్జ్ మిఠాయి, కేకులు చేసి అమ్మి, వచ్చిన డబ్బుతో మఠం నడుపుకుంటారు. మౌనాన్ని పాటించేవారు కూడా డబ్బా మీద మాత్రం బర్బన్ ఉందని పెద్ద అక్షరాలతో వేస్తారు.

మన దగ్గరికి ఇది ఆంగ్లో ఇండియన్ కుటుంబాల వంటిళ్ళ గుండా, రైల్వే కాలనీల గుండా వచ్చింది. పండ్లను నెల ముందు రమ్ములో నానబెట్టి కేకు చేయడం వాళ్ళ దగ్గర చూసి మనవాళ్ళూ నేర్చుకున్నారు. అయితే కేకుకీ ఈ ఉండలకీ ఒక తేడా ఉంది. వంటలో పోసిన సారాయం అంతా ఆవిరైపోతుందని మన ఇళ్ళల్లో గట్టి నమ్మకం. అది నిజం కాదు. అమెరికా వ్యవసాయ శాఖ లెక్కల ప్రకారం, కలిపి పొయ్యి మీదో ఓవెన్‌లోనో పెట్టిన వంటలో పావుగంట తరువాత కూడా నూటికి 40 వంతులు మిగిలే ఉంటుంది. గంట ఉడికితే 25 వంతులు, రెండున్నర గంటలకు 5 వంతులు. మరి పొయ్యి మొహమే చూడని ఈ ఉండల మాటేమిటి? మూతపెట్టిన డబ్బాలో పోసినది దాదాపు పోసినట్టే ఉంటుంది.

లెక్క కట్టి చూడండి. మన దుకాణాల్లో దొరికే రమ్ములో సారాయం నూటికి 42.8 వంతులు. 60 మిల్లీలీటర్లు 24 ఉండలకు పంచితే, ఒక్కో దానిలో ఒక గ్రాము కన్నా తక్కువ. పన్నెండు ఉండలు తింటే ఒక చిన్న పెగ్గు. పెద్దవాళ్ళెవరూ ఒక్క కూర్చోపులో పన్నెండు తినరు. తింటే రమ్ము కన్నా ముందు చక్కెర పని పడుతుంది. కాబట్టి దీనితో మత్తెక్కుతుందని, ఇది తాగుబోతుతనమని అనడం అతి. ఆ తల్లికి "పాపం కాదు" అన్నప్పుడు నా మనసులో ఉన్నది ఈ లెక్కే. పరిమాణం చూశాను, జవాబిచ్చాను, స్కూటరెక్కాను.

క్రీస్తు జయంతి మరునాడు గురుగృహం వరండాలో కూర్చుని ఉన్నాను. ఆ తల్లి పంపిన డబ్బా బల్ల మీద ఉంది. పండుగ శుభాకాంక్షలు చెప్పడానికి ఒక తమ్ముడు వచ్చాడు. పేరెందుకు, ఆ విచారణలో అందరికీ తెలిసినవాడే. తాగుడు వల్ల ఒకసారి ఉద్యోగం దాకా, రెండుసార్లు ప్రాణం దాకా తెచ్చుకున్నవాడు. అప్పటికి మూడేళ్ళ నాలుగు నెలలుగా ముట్టలేదు. నెలలు ఎందుకు చెబుతున్నానంటే, అతను అలాగే చెప్పేవాడు. కలిసినప్పుడల్లా, "ఫాదర్ గారూ, ఇంకో నెల" అనేవాడు. అతన్ని ఆ దారిలో నిలబెట్టడానికి నేనూ కొంత తిరిగాను, ఆ సంగతి మనసులో కాస్త గర్వంగానే ఉండేది.

"రా తమ్ముడూ, నోరు తీపి చేసుకో" అని డబ్బా మూత తీసి నేనే అందించాను.

అతను ఒకటి తీసుకుని కొరికాడు. రెండోసారి నమలబోయి ఆగిపోయాడు. ముఖంలో రంగు మారింది. లేచి, మెట్లు దిగి, తోటకి నీళ్ళు పెట్టే కుళాయి దగ్గరికి వెళ్ళి ఉమ్మేశాడు. నోరు పుక్కిలించాడు. మళ్ళీ పుక్కిలించాడు. చాలాసేపు. తిరిగి వచ్చి బల్ల అవతల నిలబడి అడిగాడు.

"ఫాదర్ గారూ, ఇందులో ఏముందో మీకు తెలుసా అండి?"

ప్రియ పాఠకులారా, తెలియదని చెప్పగలిగితే ఎంత బాగుండేది! నాకు తెలుసు. అడిగి తెప్పించుకున్నదే నేను. కానీ ఆ డబ్బా మూత తీసిన క్షణంలో నాకు తెలిసినది, నా ఎదురుగా ఎవరున్నారన్నది, ఈ రెండూ నా తలలో కలుసుకోలేదు.

అతను ఇంటికి వెళ్ళలేదు. వరండా చివర మెట్టు మీద కూర్చుండిపోయాడు. గంట గడిచింది. "మళ్ళీ తాగాలనిపిస్తోందా?" అని అడిగాను. "అదీ ఉందండి. కానీ దాని సంగతి నాకు తెలుసు. ఇప్పుడింటికెళితే మా ఆవిడ గుమ్మంలోనే వాసన పట్టేస్తుందండి. మూడేళ్ళుగా రోజూ పడుతూనే ఉంది, నేను చూడనట్టు ఉంటాను. ఇవాళ పడితే, స్వీటు తిన్నానంటే నమ్ముతుందా?"

ఆ ప్రశ్న నన్ను ఈనాటికీ వదల్లేదు. ఒక గ్రాము కన్నా తక్కువ అని నేను వేసుకున్న లెక్కలో ఆమె ముక్కు లేదు. ఆమె మూడేళ్ళ నాలుగు నెలలు కూడా లేవు.

మేము గురువిద్యాలయంలో తత్వశాస్త్రం చదివేటప్పుడు, మానవ కార్యం మంచిదా చెడ్డదా అని తేల్చడానికి మూడు చూడాలని నేర్పారు: చేసిన పని, చేసినవాడి ఉద్దేశం, పరిస్థితులు. పరీక్షలో ఎవరడిగినా గడగడా అప్పజెప్పేవాళ్ళం. పరిస్థితులంటే ఎవరు, ఎక్కడ, ఎప్పుడు, ఎలా, ఎవరికి. రమ్ము కలిపి ఉండ చుట్టడం అనే పని దానంతట చెడ్డది కాదు. ఆ తల్లి ఉద్దేశం పండుగ సంతోషం. నా ఉద్దేశం అతిథి మర్యాద. మిగిలింది ఆ చివరి మాట ఒక్కటే, "ఎవరికి". ముప్పై ఏళ్ళ క్రితం పరీక్షలో మార్కులు తెచ్చిన మాటే, వరండాలో గుర్తుకు రాలేదు.

పునీత తోమాసు అక్వీనాసు గారు తన దైవశాస్త్ర సంగ్రహంలో ఈ సంగతిని నేరుగానే చర్చించారు, రెండవ భాగపు రెండవ విభాగం, 149వ ప్రశ్నలో. ద్రాక్షాసారాయం తాగడం దానంతట అక్రమమా అని అడిగి, కాదని తేల్చారు. మనిషి లోపలికి పోయేది అతన్ని అపవిత్రుణ్ణి చేయదన్న ప్రభువు బోధ మీద నిలబడి ఆ మాట అన్నారు. అయితే అక్కడితో ఆగలేదు. దానంతట తప్పు కానిది నాలుగు విధాల తప్పు కావచ్చునన్నారు. తాగేవాడు సులభంగా దెబ్బతినేవాడైతే, తాగనని మ్రొక్కుకున్నవాడైతే, మితం మీరితే, చూసినవారు తొట్రుపడితే. ఈ నాలుగింటిలో నేను చూసింది మూడోది ఒక్కటే. ఆ తరువాతి భాగంలో, ఎవరికి ఈ మితం మరీ ముఖ్యమో చెబుతూ శ్రీసభ సేవకుల్ని, రాజుల్ని కూడా పేర్కొన్నారు. క్రీస్తు జయంతికి గురుగృహాలకు ఏయే కానుకలు ఏయే సంచుల్లో వస్తాయో తెలిసినవాణ్ణి కనుక, ఆ వాక్యం చదివినప్పుడల్లా కాస్త తల దించుకుంటాను.

కానీ నాకు తోమాసు గారి దగ్గర కూడా పూర్తి జవాబు దొరకలేదని చెప్పాలి. ఆయన మాట్లాడుతున్నది తెలిసి తాగేవాడి గురించి. మన తమ్ముడు తెలిసి తినలేదు. తెలియక చేసినదానికి ఇచ్ఛ లేదు, ఇచ్ఛ లేనిచోట పాపం లేదు. కుళాయి దగ్గర నుంచి వచ్చి, "నేను మళ్ళీ ఒకటి నుంచి లెక్కపెట్టుకోవాలా ఫాదర్ గారూ?" అని అడిగితే, "అక్కర్లేదు" అని ఆ మాటే చెప్పాను. అది నిజమే. అతని ఆత్మకు మచ్చ పడలేదు. మరి అతనికి ఏమీ కాలేదా? అయింది. ఏమిటది?

నాకు తోచింది ఇది. అతను రోజూ పొద్దున్నే లేచి "ఈ ఒక్కరోజు వద్దు" అని చెప్పుకుంటాడు. ఆ "వద్దు" అతని సంపాదన. ఇల్లు, పొలం, ఉద్యోగం ఇవన్నీ పోయినా మిగిలిన ఆస్తి. నేను దాన్ని అతని చేతిలోంచి లాక్కోలేదు. అతనికి తెలియకుండా దాని పక్కనుంచి లోపలికి దూరాను. బలవంతం చేసి ఉంటే కనీసం ఎదిరించేవాడు. ప్రేమతో అందించిన తీపికి ఎవరు ఎదురు చెబుతారు? దాచిపెట్టినది ఏదైనా, మంచి ఉద్దేశంతోనైనా, తినేవాడి ఇచ్ఛను దాటేసి కడుపులోకి పోతుంది. అక్కడుంది తప్పు. అది రమ్ములో లేదు.

ఇది నిజమో కాదో రెండో వైపు నుంచి చూడండి. అంతకుముందు వేరే విచారణలో ఉన్నప్పుడు ఒక ఇల్లాలు నా దగ్గరికి వచ్చి మరో ప్రశ్న అడిగింది. ఆమె అనుమతితోనే ఇది వ్రాస్తున్నాను, అది పాపసంకీర్తనంలో చెప్పినది కాదు. ఆమె భర్త తాగుతాడు. తాగుడు మానిపించే బిళ్ళ ఉందట, అతనికి తెలియకుండా పప్పులో కలిపి పెట్టమని ఎవరో చెప్పారట, పెట్టవచ్చునా? డైసల్ఫిరామ్ అనే ఆ మందు కూడా డెన్మార్క్ నుంచే వచ్చింది, 1948లో అక్కడి ఇద్దరు పరిశోధకులు దాని గుణం ప్రకటించారు. రమ్ము ఉండలు చుట్టే దేశమే తాగుడు మానిపించే మందునూ ఇచ్చిందన్నమాట. ఆ మందు వేసుకున్నవాడి ఒంట్లో సారాయం పడితే ముఖం కందిపోతుంది, తల పగిలిపోతుంది, వాంతులు, గుండెదడ. ఒక్కోసారి ప్రాణం మీదికి వస్తుంది. చివరి బిళ్ళ వేసుకున్న రెండు వారాల దాకా ఆ ప్రమాదం ఉంటుంది. దగ్గుమందులో, వంటల్లో దాగిన కొద్దిపాటి సారాయానికి కూడా జాగ్రత్తపడమని వైద్యులు చెబుతారు. నేను ఆమెను వైద్యుడి దగ్గరికి పంపాను. మనిషికి తెలియకుండా ఈ బిళ్ళ ఎప్పుడూ పెట్టవద్దని ఆయన గట్టిగా చెప్పి పంపారు.

ఆమె దాచబోయింది మందు, నేను దాచకుండానే దాచింది రమ్ము. ఆమెది కన్నీళ్ళ ఉద్దేశం, నాది పండుగ ఉద్దేశం. రెండుచోట్లా తినేవాడు ఒక్కడే, తన నోట్లోకి ఏం పోతోందో తెలియనివాడు.

"ఫాదర్ గారూ, ఇంత చాదస్తమైతే ఎలా? పౌలు గారే కదా, పెట్టింది అడక్కుండా తినమన్నారు" అని ఒకరిద్దరు నాతో వాదించారు. మంచి ప్రశ్న. కొరింతీయులకు వ్రాసిన మొదటి లేఖ 10వ అధ్యాయంలో పౌలు గారు అంగడిలో అమ్మే మాంసాన్ని, భోజనానికి పిలిచినవారు వడ్డించినదాన్ని ప్రశ్నించకుండా తినవచ్చునన్నారు, నిజమే. ఎందుకన్నారు? విగ్రహం వట్టిది కనుక, దానికి అర్పించినంత మాత్రాన మాంసంలో ఏ మార్పూ రాదు కనుక. ఉన్నదల్లా తినేవాడి మనసులో, చూసేవాడి మనసులో. ఎవరైనా ఇది అర్పించినది అని చెబితే మాత్రం ఆ చెప్పినవాడి మనస్సాక్షి కోసం మానుకోమన్నారు. రమ్ము వట్టిది కాదు. అడక్కుండా తిన్నా, తెలియకుండా తిన్నా దాని పని అది చేస్తుంది. అందుచేత ఇక్కడ పౌలు గారి నియమం తిరగబడుతుందని నా అభిప్రాయం. అక్కడ తినేవాడు అడగనక్కర్లేదు. ఇక్కడ పెట్టేవాడు చెప్పి తీరాలి.

పిల్లల సంగతి ఎక్కువ చెప్పను. పదిహేను కిలోల బిడ్డకు పెద్దవాళ్ళ లెక్క పనికిరాదు, బిడ్డకు ఆపడమూ తెలియదు. లడ్డూలా కనిపించేదాన్ని బిడ్డ అందే చోట పెట్టి, "వాడే తిన్నాడు" అనకూడదు.

మరో సంగతి చెప్పకుండా ఉండలేను. నేను గురువిద్యాలయంలో ఉన్న 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో రాత్రిబడికి వెళ్ళి అక్షరాలు దిద్దుకున్న ఆడవాళ్ళు సారా దుకాణం మూయించారు. అది రాష్ట్రమంతా పాకింది. 1993 అక్టోబరులో సారా నిషేధం, 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధం వచ్చాయి. 1997లో ఆ సంపూర్ణ నిషేధం ఎత్తేశారు. మన గుళ్ళలో కూడా అప్పుడు ఎన్నో ప్రసంగాలు జరిగాయి. ఇప్పటికీ కూలి డబ్బుతో తాగేవాడి మీద మనం వేదిక ఎక్కి మాట్లాడతాం. అదే రమ్ము పింగాణీ పళ్ళెంలో కోకో పూసుకుని వస్తే దాన్ని "ఫ్లేవర్" అంటాం. పేదవాడి సీసాకు పాపమనే పేరు, కలిగినవారి పళ్ళేనికి పండుగ అనే పేరు పెట్టే అలవాటు మనకు ఎప్పుడు వచ్చిందో నాకు తెలియదు. నాకూ ఉంది, కాబట్టి ఎవరినీ వేలెత్తి చూపడం లేదు.

అలాగని రమ్ము సీసాలన్నీ తెచ్చి గుడి ముందు పగలగొట్టమని నేను చెప్పను. ఈ ఆగమన కాలంలో శ్రీసభ మన ముందు నిలబెట్టే స్నాపకుడైన యోహాను ద్రాక్షాసారాయం ముట్టలేదు. ఆయన ఎవరి రాకను ప్రకటించాడో ఆ ప్రభువు విందులకు వెళ్ళాడు, తాగుబోతని నిందపడ్డాడు. ఇద్దరినీ ఒకే సువార్త చెబుతుంది. పాత నిబంధనలో నాజీరు వ్రతం పట్టినవారు సారాయమే కాదు, ఎండు ద్రాక్ష కూడా తినకూడదని సంఖ్యాకాండము 6వ అధ్యాయం చెబుతుంది. కిస్‌మిస్ కూడా! కాని ఆ వ్రతం పట్టనివారిని తినవద్దని ఎక్కడా చెప్పలేదు. వ్రతం ఉన్నవాడూ లేనివాడూ ఒకే ఊళ్ళో, ఒకే పంక్తిలో బ్రతకాలి.

ఈ విషయంలో శ్రీసభ తన బలిపీఠం దగ్గరే ఒక దారి చూపింది, చాలామంది విశ్వాసులకు తెలియదు. దివ్యబలికి ద్రాక్షాసారాయం తప్పనిసరి. కానీ గురువుల్లోనూ తాగుడు వ్యాధితో పోరాడి మానినవారు ఉన్నారు. అటువంటివారు పులియబెట్టడం మొదలైన తొలి దశలోనే ఆపేసిన ద్రాక్షరసాన్ని వాడుకోవడానికి మేత్రాణులు అనుమతి ఇవ్వవచ్చునని రోము నుంచి 1995లోనూ, మళ్ళీ 2003లోనూ లేఖలు వచ్చాయి. మన విశ్వాసంలో ఇంతకన్నా పవిత్రమైన పాత్ర లేదు. ఆ పాత్ర దగ్గరే ఒక బలహీనుడి కోసం, అతనికీ పైవారికీ తెలిసేలా, వేరే ఏర్పాటు ఉంది. మన పండుగ పళ్ళెం అంతకన్నా పెద్దదా?

కానా పెళ్ళి గురించి మీరు ఎన్నో ప్రసంగాలు విని ఉంటారు. యోహాను సువార్త 2వ అధ్యాయం తీసి మళ్ళీ చదవండి. విందు పెద్ద రుచి చూసి, అది ఎక్కడిదో తెలియక ఆశ్చర్యపోయాడు. అక్కడే సువార్తికుడు ఒక చిన్న మాట వేశాడు: నీళ్ళు తోడిన సేవకులకు తెలుసు అని. అది ద్రాక్షాసారాయమని తాగేవారందరికీ తెలుసు, అక్కడ దాపరికం లేదు. అయినా నాకు ఆ వాక్యం దగ్గర ఇప్పుడు వరండా గుర్తుకొస్తుంది. వడ్డించేవాడికి ఎప్పుడూ తినేవాడి కన్నా ఎక్కువ తెలుసు.

ఇంతకూ ఆ సాయంత్రం ఏమైందో చెప్పలేదు. చీకటి పడుతుండగా అతను లేచి, "ఫాదర్ గారూ, మీరు కూడా వస్తారా?" అన్నాడు. ఇద్దరం నడిచి వెళ్ళాం. కాలనీలో పిల్లలు పశువులపాక చుట్టూ నక్షత్రాల దీపాలు వెలిగిస్తున్నారు. గుమ్మంలో ఆమె నాకు నమస్కారం పెడుతూనే అతని వైపు తిరిగింది. నేను ఆమె ముఖమే చూస్తున్నాను. వాసన తగిలిన క్షణం నాకు కనిపించింది.

నేనే చెప్పాను. అంతా చెప్పాను. నేనే పెట్టానని, నాకు తెలిసీ పెట్టానని.

ఆమె చాలాసేపు మాట్లాడలేదు. తరువాత, "మీరొచ్చి చెప్పారు కాబట్టి నమ్ముతున్నానండి" అంది. లోపలికి వెళ్ళబోతూ ఆగి, "మీరు రాకపోతే ఆయన మాట నమ్మేదాన్నా ఫాదర్ గారూ?" అని అడిగింది. నన్నే అడిగిందో, తనను తానే అడుక్కుందో తెలియలేదు. అతను తల వంచుకుని చెప్పులు విప్పుకుంటున్నాడు.

ఉండలు పంపిన తల్లికి మరునాడే వెళ్ళి చెప్పాను, ఆమెను తప్పుపట్టకుండా, నా సగం జవాబు గురించి. పాపం ఆమె ఏడ్చింది. మరుసటి ఏడు రెండు డబ్బాలు పంపింది. ఒకదానిలో రమ్ముకు బదులు నారింజ రసం పోసి, కొద్దిగా కాఫీ డికాక్షన్ కలిపిందట. అవి గుండ్రంగా, తెల్లటి కొబ్బరిలో పొర్లించి ఉన్నాయి. రెండోదానిలోవి కోలగా, నల్లగా. అక్షరాలు రాని పిల్లలకు కూడా తేడా తెలియాలని ఆకారం మార్చానంది. నిజం చెప్పాలంటే నారింజ రసం పోసినవి రుచికి రెండో స్థానమే, నిల్వా తక్కువే, నాలుగు రోజుల్లో తినెయ్యాలి. నల్లటి ఉండల డబ్బా మూత మీద ఆమె కొడుకు స్కెచ్ పెన్నుతో "రమ్ము ఉంది" అని వ్రాశాడు. అక్షరాలు వంకరగా ఉన్నా, మూత నిండా ఉన్నాయి.

క్రీస్తు జయంతి మరునాడు అతనూ, అతని భార్యా ఇద్దరూ కలిసి గురుగృహానికి వచ్చారు. డబ్బాలు రెండూ బల్ల మీదే ఉన్నాయి. అతను మూత మీది అక్షరాలు చదివాడు. ఆ డబ్బాను రెండు చేతులతో పట్టుకుని, బల్ల మీద నా వైపుకి జరిపి, "ఇది మీదండి" అన్నాడు. రెండో డబ్బాలోంచి ఒకటి తీసి, ముందు ఆమెకిచ్చాడు.